దూది ధర – వర్తకుడు, రైతు

మాది పత్తి పండించే ఇల్లు. సైన్సు విద్యార్థినైన నేను చరిత్ర జోలికి రావడానికి కారణం అదే. మన దేశంలో పెద్ద పరిశ్రమలకు పెట్టుబడి ఎక్కడి నుంచి వచ్చింది? కొంత జవాబు దూదిలోనే ఉంది.

1861లో అమెరికాలో అంతర్యుద్ధం మొదలైంది. అక్కడి దూది రాక ఆగిపోయేసరికి ఇంగ్లండులోని లాంకషైర్ మిల్లులు మన వైపు తిరిగాయి. బొంబాయిలో ధర ఆకాశాన్నంటింది. ప్రేమ్‌చంద్ రాయ్‌చంద్ వంటి వర్తకులు విపరీతంగా గడించారు. ఆ డబ్బంతా సముద్రం పూడ్చే కంపెనీల షేర్లలోకి పారింది. దక్కను పల్లెల్లో షావుకార్లు రైతులకు ధారాళంగా అప్పులిచ్చారు.

1865లో యుద్ధం ముగిసింది, ధర కుప్పకూలింది. ప్రేమ్‌చంద్ దివాలా తీశాడు. దెబ్బ తిన్నవారిలో టాటాలూ ఉన్నారు. అయినా కొందరు తేరుకున్నారు. 1877లో జంషెట్జీ టాటా పత్తి పండే సీమకు దగ్గరగా, నాగపూర్‌లో, ఎంప్రెస్ మిల్లు తెరిచాడు.

మరి రైతు? ధర తగ్గింది గాని అప్పు తగ్గలేదు, పైగా శిస్తు పెరిగింది. 1875లో పూనా, అహమ్మద్‌నగర్ జిల్లాల రైతులు షావుకార్ల ఇళ్ల మీద పడి అప్పు పత్రాలు లాక్కొని తగలబెట్టారు. 1879లో గాని ప్రభుత్వం వారికోసం చట్టం చేయలేదు.

ఇక్కడ గమనించదగ్గ విషయం ఒకటుంది. ధర పడినప్పుడు వర్తకుడు మరో వ్యాపారం చూసుకోగలడు. రైతు పొలాన్ని వదిలి ఎక్కడికి పోతాడు? కాబట్టి మిత్రులారా, ఆర్థిక ప్రగతి అంటే లేచిన మిల్లులు లెక్కపెట్టడమే కాదు, ఆ దారిలో మునిగిన ఇళ్లను కూడా లెక్కలోకి తీసుకోవాలి. పల్లెల నుంచి వచ్చి చదువుకుంటున్న మనం ఈ లెక్క తప్పక నేర్చుకోవాలి.