సూది వేయించుకున్న రోజు నుంచి పది రోజులు

బిస్మిల్లాహిర్రహ్మానిర్రహీమ్.

హజ్, ఉమ్రా ప్రయాణాల కాలంలో ఫారాలు నింపించుకోవడానికి, కాగితాలు చూపించుకోవడానికి పిడుగురాళ్ల నుంచీ చుట్టుపక్కల ఊళ్ల నుంచీ మా సొసైటీకి చాలామంది వస్తారు. పాస్‌పోర్టు, వీసా, టికెట్టు గురించి అడగనివారు లేరు. టీకా గురించి మాత్రం చివరి వారంలోనే గుర్తుకొస్తుంది.

ఆమధ్య వృద్ధ దంపతులు ఉమ్రా ప్రయాణానికి నాలుగు రోజుల ముందు మా దగ్గరకు వచ్చారు. మిరప పంట డబ్బులో ఏటా కొంత పక్కన పెట్టుకుని సిద్ధమైనవారు. "సూది లేకుండా కార్డు ఒక్కటే ఇప్పిస్తామంటున్నారు, తీసుకోవచ్చా బాబూ?" అని ఆ పెద్దమ్మ అడిగింది. వద్దని చెప్పాం. వారు ప్రయాణం వాయిదా వేసుకున్నారు, టికెట్ డబ్బు కొంత పోయింది. "ఈ మాట ముందే ఎవరైనా చెప్పి ఉంటే బాగుండేది కదా" అన్నాడు ఆ పెద్దాయన. ముందే చెప్పవలసినవాళ్లం మేమే. అందుకే ఈ వ్యాసం.

ఈ టీకా దేనికి?

హజ్, ఉమ్రా యాత్రికులకు సౌదీ ప్రభుత్వం తప్పనిసరి చేసింది మెనింజైటిస్ టీకా. మెదడును, వెన్నుపామును కప్పి ఉండే పొరలకు వచ్చే వాపు ఇది. మన పిల్లలకు వేసే మెదడువాపు జ్వరం టీకా వేరు, ఇది వేరు. ఈ వ్యాధిని కలిగించే సూక్ష్మజీవి మనిషి ముక్కులో, గొంతులో ఉంటుంది. దగ్గు, తుమ్ము, దగ్గరగా మెలగడం ద్వారా ఒకరి నుంచి ఒకరికి చేరుతుంది. జబ్బు పడకుండానే దాన్ని మోస్తూ తిరిగేవారు చాలామంది ఉంటారు. లక్షల మంది భుజం భుజం తగిలేలా తవాఫ్ చేసేచోట, మినా గుడారాల్లో దానికి ఎంత అవకాశమో ఆలోచించండి. సోకినవారిలో చికిత్స అందినా సుమారు పదిమందికి ఒకరు చనిపోతారు. బతికినవారిలో కొందరికి వినికిడి పోతుంది, కొందరు కాళ్లో చేతులో పోగొట్టుకుంటారు.

ఈ నిబంధన ఊరికే రాలేదు. 1987 హజ్‌లో 'ఏ' రకం మెనింజైటిస్ వ్యాపించిన తరువాత టీకా తప్పనిసరి అయింది. 2000, 2001 సంవత్సరాల్లో 'డబ్ల్యూ' రకం వచ్చింది. అప్పటి టీకా దాన్ని ఆపలేదు. హాజీలు ఇళ్లకు తిరిగి వెళ్లాక, హజ్‌కు వెళ్లని వారి కుటుంబ సభ్యులు కూడా అనేక దేశాల్లో జబ్బు పడ్డారు. ఆ తరువాత 2002 నుంచి ఏ, సి, డబ్ల్యూ, వై అనే నాలుగు రకాలకూ పనిచేసే టీకా అడుగుతున్నారు. 2024లో ఉమ్రాతో ముడిపడి అమెరికా, ఫ్రాన్స్, బ్రిటన్‌లలో 12 మందికి ఈ జబ్బు వచ్చింది. వారిలో టీకా వివరం తెలిసిన తొమ్మిది మందీ టీకా వేయించుకోనివారే.

పది రోజుల లెక్క

టీకా పడగానే రక్షణ రాదు. ఒంట్లో నిరోధక శక్తి తయారు కావడానికి సమయం పడుతుంది. అందుకే సౌదీ చేరడానికి కనీసం పది రోజుల ముందే వేయించుకోవాలన్నది నియమం. టీకా రకాన్ని బట్టి సర్టిఫికెట్టు మూడేళ్లు లేదా అయిదేళ్లు చెల్లుతుంది. అయిదేళ్లు చెల్లేది కాంజుగేట్ రకం. ఏ రకమో రాయకపోతే మూడేళ్లే లెక్క. కాబట్టి కార్డులో టీకా పేరు, రకం, తేదీ, బ్యాచ్ నంబరు, డాక్టరు సంతకం, ముద్ర ఉన్నాయో లేదో అక్కడే చూసుకోండి. పేరు, నంబరు పాస్‌పోర్టులో ఉన్నట్టే ఉండాలి.

హజ్ కమిటీ ద్వారా వెళ్లేవారికి శిబిరాల్లో ఈ టీకా వేస్తారు, పోలియో చుక్కలు కూడా వేస్తారు. ప్రైవేటు ట్రావెల్స్ ద్వారా, ఉమ్రాకు వెళ్లేవారు సొంతంగా చూసుకోవాలి. దీని ఖరీదు కొన్ని వేల రూపాయలు. ప్యాకేజీ డబ్బుతోపాటే దీన్నీ లెక్కలో వేసుకోండి. నిబంధనలు ఏటా మారవచ్చు. 2021లో సౌదీలో ఉంటున్న, కరోనా టీకా వేయించుకున్న 60,000 మందినే హజ్‌కు అనుమతించారు. అందుకని నిరుటి హాజీ చెప్పిన మాట మీద ఆగకుండా ఈ ఏటి ఆదేశాలు కనుక్కోండి.

పనికి, కాపురానికి వెళ్లేవారికి

ఆఫ్రికాలోని చాలా దేశాలకు పనికి వెళ్లే కుర్రాళ్లకు పచ్చజ్వరం, అంటే ఎల్లో ఫీవర్ టీకా కావాలి. ఇది మామూలు ఆసుపత్రుల్లో దొరకదు. ప్రభుత్వం గుర్తించిన కేంద్రాల్లోనే వేస్తారు. హైదరాబాదు నారాయణగూడలోని ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ ప్రివెంటివ్ మెడిసిన్ అలాంటిదే. దీనికీ పది రోజుల లెక్కే. 2016 జూలై నుంచి ఒక్కసారి వేసిన సర్టిఫికెట్టు జీవితాంతం చెల్లుతుంది. ఆ దేశాల నుంచి సర్టిఫికెట్టు లేకుండా తిరిగొస్తే మన విమానాశ్రయంలోనే ఆరు రోజుల వరకు విడిగా ఉంచవచ్చు. గర్భిణులు, అరవై దాటినవారు, గుడ్డు పడనివారు ముందుగా డాక్టరుకు చెప్పాలి.

అమెరికాలో స్థిరపడేందుకు వీసా తీసుకునేవారికి వయసును బట్టి తట్టు, గవదబిళ్లలు, ధనుర్వాతం, హెపటైటిస్ బి వంటి టీకాల రుజువు అడుగుతారు. రుజువు లేకపోతే మళ్లీ వేయించుకోవాలి. ఆశా కార్యకర్త ఇచ్చే పిల్లల టీకా కార్డును పారేయకండి. ఇరవై ఏళ్ల తరువాత కూడా అది పనికొస్తుంది.

కార్డు కూడా అమానతే

మన ముత్తాతల కాలంలో ఓడలో హజ్‌కు వెళ్లేవారిని ఎర్రసముద్రంలోని కమరాన్ దీవిలో దించి, రోజుల తరబడి విడిగా ఉంచేవారు. 1865 హజ్‌లో కలరా వేలమందిని బలి తీసుకున్న తరువాత వచ్చిన కట్టడి అది. ఈరోజు ఆ బాధ లేదు, ఒక సూదితో సరిపోతోంది.

"రాసిపెట్టి ఉంటే వస్తుంది, సూది ఎందుకు?" అనేవారూ ఉన్నారు. సిరియాలో ప్లేగు ఉందని విని హజ్రత్ ఉమర్ (రజి.) తన బృందంతో దారిలోనుంచే వెనుదిరిగారు. అల్లాహ్ విధి నుంచి పారిపోతున్నారా అని అడిగితే, ఒక విధి నుంచి ఆయన విధించిన మరో దానికే వెళ్తున్నామని అర్థం వచ్చేలా జవాబిచ్చారు. జాగ్రత్త తీసుకోవడం తవక్కుల్‌కు విరుద్ధం కాదు.

వేయించుకోని సూదిని వేయించుకున్నట్టు చూపే కార్డు అబద్ధపు సాక్ష్యం. ఇహ్రామ్ కట్టుకునే ప్రయాణాన్ని దానితో మొదలుపెట్టవద్దు. ఆ అబద్ధం వల్ల నష్టపోయేది పక్క గుడారంలోని ముసలాయన కావచ్చు, జమ్‌జమ్ నీళ్ల కోసం ఇంట్లో ఎదురుచూస్తున్న మన మనవడే కావచ్చు.

అందుకే మా విన్నపం ఒక్కటే. టికెట్టు తీసుకున్న రోజే టీకా తేదీ కూడా ఖాయం చేసుకోండి. తేదీలు లెక్క చూడాలన్నా, కార్డు సరిగా ఉందో లేదో చూడాలన్నా మా దగ్గరకు రండి. ఈసారి ముందే చెబుతాం.

అల్లాహ్ మన హాజీలందరినీ క్షేమంగా తీసుకెళ్లి, క్షేమంగా ఇంటికి చేర్చుగాక. ఆమీన్.