భూసేకరణలో మూలధర

భూమి కోల్పోయే రైతుకు న్యాయమైన పరిహారం ప్రధానంగా మార్కెట్ విలువ నిర్ధారణపై ఆధారపడుతుంది. 2013 నాటి భూసేకరణ చట్టం ప్రకారం, స్టాంపుల చట్టం కింది విలువ, సమీప అమ్మకాల సగటు ధర అనే రెంటిలో సాధారణంగా ఎక్కువైనదే మూలధర. గ్రామాలలో దీనిని రెండు రెట్ల వరకు హెచ్చించి, చెట్లు, కట్టడాల విలువ కలిపి, అంతే మొత్తాన్ని సొలేషియంగా చేరుస్తారు.

ముంబయి-అహమ్మదాబాదు బులెట్ రైలు మార్గానికై జరిగిన సేకరణలో సూరత్ జిల్లా రైతులు ఈ మూలధరనే ప్రశ్నించారు. ప్రభుత్వ భూవిలువల పట్టికయైన 'జంత్రీ' 2011 నాటిదనీ, చట్టం కోరినట్లు ముందుగా విలువను సవరించలేదనీ వారి వాదన. 2019 సెప్టెంబరులో గుజరాత్ హైకోర్టు సేకరణను సమర్థించినా, అధిక పరిహారం కోరే అవకాశాన్ని రైతులకు మిగిల్చింది.

రెట్టింపు వర్తించేచోట మూలధరలో లక్ష రూపాయలు తగ్గితే రైతు నాలుగు లక్షలు నష్టపోతాడు. అందువల్ల న్యాయం మూలధర వద్దనే ఆరంభం కావాలి.