ముస్తఫా గేమ్ వెనకాల ఏమొస్తోంది?

నందికొట్కూరు

అల్లుడూ,

మీ అమ్మ ఫోన్లో ముస్తఫా గేమ్ ‘హ్యాక్ వెర్షన్’ ఎక్కించినావని తెలిసింది. ఆట మీద మీ మామకు కోపం లేదు. కర్నూలు వీడియోగేమ్ అంగట్లో రూపాయి బిళ్ల పట్టుకొని వరసలో నిలబడినవాడే. దాని అసలు పేరు ‘క్యాడిలాక్స్ అండ్ డైనోసార్స్’. 1993లో జపాన్ కంపెనీ క్యాప్‌కామ్ చేసింది. మనోళ్లు అందులోని ఒక వీరుడి పేరే ఆటకు పెట్టేసుకున్నారు.

ఈ హ్యాకింగ్ పాతదే. 1992లో తైవాన్‌ వాళ్లు ‘స్ట్రీట్ ఫైటర్ 2’ బోర్డుల్లో చిప్పులు మార్చి ‘రెయిన్‌బో ఎడిషన్’ తెచ్చినారు. గాల్లో ఎగురుతూనే నిప్పుబంతులు విసరొచ్చు, పోరు మధ్యలో మనిషినే మార్చుకోవచ్చు. జనం ఆ హ్యాక్ ఆట వేగానికి అలవాటు పడినారు. ఆ ఏడాది చివర్లో క్యాప్‌కామ్ తానే వేగం పెంచి ‘టర్బో’ విడుదల చేసింది. మరుసటేడు వచ్చిన సీపీఎస్-2 అనే కొత్త బోర్డుల్లో ఆటకు రహస్య తాళం వేసి, తాళంచెవిని బ్యాటరీ మీద బతికే మెమరీలో దాచింది. బ్యాటరీ అయిపోతే ఆట కూడా పోయేది! ఆ గొడవంతా కంపెనీకీ దొంగ బోర్డుల వాళ్లకూ మధ్యనే. ఆడే పిల్లోనికి పోయేది రూపాయే.

ఇప్పుడు ఆట ఉన్న ఫోన్లోనే బ్యాంకూ ఉంది.

రోమ్ ఫైలు (పాత ఆట చిప్పుల కాపీ) తనంతట తాను నడవదు, పాత యంత్రాన్ని అనుకరించే ఎమ్యులేటర్ చదవాల. అదీ పూర్తిగా భద్రం కాదు: 2015లో జెడ్‌ఎస్‌ఎన్‌ఈఎస్ ఎమ్యులేటర్లో ఒక లోపం బయటపడింది. కావాలని తయారుచేసిన రోమ్ తెరిస్తే కంప్యూటర్లో వేరే ప్రోగ్రామే నడిపించొచ్చు. ఏపీకే (ఫోన్ యాప్ ఫైలు) అయితే నేరుగా ప్రోగ్రామే, అందులో ఏమైనా దాచొచ్చు. 2023 జూన్‌లో సైబుల్ అనే భద్రతా సంస్థ ఒక సంగతి బయటపెట్టింది. అభిమానులు చేసిన ‘మారియో ఫరెవర్’ కంప్యూటర్ ఆట ఇన్‌స్టాలర్‌లో ఎవరో విషం కలిపినారు. ఆట చక్కగా నడుస్తుంది. చాటున ఒక ప్రోగ్రాము మొనెరో అనే క్రిప్టో నాణేలు తవ్వుతుంది, ఇంకొకటి బ్రౌజర్లోని పాస్‌వర్డులు ఎత్తుకుపోతుంది.

నువ్వు ఎక్కించిన యాప్ ఎస్ఎంఎస్, యాక్సెసిబిలిటీ అనుమతులు అడిగిందేమో చూడు. కొట్లాట ఆటకు మెసేజీలు చదవాల్సిన పనే లేదు. మీ అమ్మ ఖాతాలో మిరప అమ్మిన డబ్బులున్నాయి. అనుమతి ఇచ్చింటే ముందు నెట్ ఆపి, యాప్ తీసేసి, ఇంకో ఫోన్ నుంచి పాస్‌వర్డులు మార్పించు, యూపీఐ పిన్ కూడా మార్పించు. డబ్బు కదిలిందంటే వెంటనే 1930కి ఫోన్ చెయ్యండి. భయపడి దాచొద్దు, అమ్మతో మామ మాట్లాడతాడు.

2018లో క్యాప్‌కామ్ పాత కొట్లాట ఆటలు కొన్ని కట్టగా అమ్మింది. అందులో ముస్తఫా లేదు. అసలైనది చేతికందనప్పుడు పిల్లలు హ్యాక్‌ల వెంట ఎందుకు పడతారో మీ మామకు తెలుసు. అదే ఏడాది ‘స్ట్రీట్ ఫైటర్’ సంకలనం కూడా వచ్చింది. దసరాకు నువ్వొచ్చేలోగా అది కొని కంప్యూటర్లో ఎక్కించి పెడతాను.

మీ మామ