హిమమెఱుఁగని దేశపు పందెగాఁడు

మన బాపట్ల సీమలో మంచనఁగా చలికాలపు వేకువజామున వరిచేల మీఁదను తాటితోపులలోను పఱచుకొని, ప్రొద్దెక్కఁగానే విడిపోవు పొగమంచే. నేలమీఁద మోకాలిలోఁతున పేరుకొని నిలుచు హిమమును మన విద్యార్థులలో ననేకులు పటములయందే చూచియుందురు. అట్టి హిమము మీఁద క్రోసులకొలఁది సాగు పందెమొకటి కలదు. దానియందు మనవలెనే హిమమెఱుఁగని దేశమున జన్మించిన యొక పురుషుఁడు పాల్గొనెను. ఆతని చరిత్రమును ఈ పాఠమున సంగ్రహముగాఁ దెలుపుచున్నాము.

ముందుగా ఆ పందెమెట్టిదో యెఱుఁగవలెను. స్కీలనునవి మనుష్యుని నిలువుకంటె కొంచెము పొడవై, నాలుగువ్రేళ్లకంటె తక్కువ వెడల్పు గల పలకలు. బూటు ముందుకొన మాత్రమే పలకకు బిగింపఁబడి, మడమ స్వేచ్ఛగా లేచుచుండును. రెండు చేతులయందును రెండు కఱ్ఱలుండును. పల్లమునకు జాఱుటయే కాక, మిట్ట యెక్కుటయు, చదునున సాగుటయు స్వశక్తిచేతనే జరుగవలెను.

సూర్యలంక తీరమున పొడియిసుకలో పరుగెత్తినవారికి అడుగు వెనుకకు జాఱుట తెలియును. తడియిసుకలో పాదమునకు పట్టు దొరకును. తాటిమట్టమీఁద తమ్ముని కూర్చుండఁబెట్టి లాగినవారికి వస్తువు నున్నగా జాఱుటయుఁ దెలియును. స్కీ పందెగానికి ఈ రెండును ఒక్క పలకయందే కావలెను. ఇదెట్లు సాధ్యమగును? పలక నడిమిభాగము విల్లువలె కొంచెము పైకి వంగియుండును. నిమ్మళముగా మోపి జాఱునపుడు ఆ భాగము హిమమును గట్టిగా నొరయదు. కాలితో బలముగాఁ దన్నినపుడు వంపు అణఁగి, అచ్చటఁ బూసిన మైనము హిమమునకు పట్టుకొనును. హిమపు శీతోష్ణస్థితి మాఱినచో మైనమును మార్చవలెను. కావున ఈ విద్యకు ఊపిరి, తూనిక, వివేకము మూఁడును అవసరములే.

ఫిలిప్ బోయిట్ 1971వ సంవత్సరము డిసెంబరు 12వ తేదీన తూర్పు ఆఫ్రికాలోని కెన్యా దేశమున, ఎల్డోరెట్ ప్రాంతమున జన్మించెను. ఆ సీమ పరుగుపందెగాండ్రకు పుట్టినిల్లు. ఆతని బంధువైన మైక్ బోయిట్ 1972 మ్యూనిక్ ఒలింపిక్ క్రీడలలో 800 మీటర్ల పరుగునందు కాంస్యపతకము నొందెను. ఫిలిప్ కూడ ఆ దూరమే పరుగెత్తువాఁడు. 1996లో నైకీ యను పాదరక్షల సంస్థ వ్యయము భరించి, ఆతనిని హెన్రీ బిటోక్ అను మఱియొకనిని స్కీ విద్య నేర్చుటకై ఫిన్లండు దేశమునకుఁ బంపెను. ఆతఁడు హిమమును కన్నులారఁ జూచుట అదియే ప్రథమము. అప్పటికి వయస్సు ఇరువదినాలుగేండ్లు. ఉత్తరదేశముల బిడ్డలు నడక నేర్చిన కొలఁది కాలమునకే నేర్చుకొను విద్యను ఆతఁడు యౌవనమున అక్షరాభ్యాసమువలె నారంభించెను.

రెండేండ్ల పిమ్మట, 1998 ఫిబ్రవరి 12వ తేదీన, జపాను దేశపు నాగనో నగరపు శీతకాల ఒలింపిక్ క్రీడలలో 10 కిలోమీటర్ల పందెమునకు నిలిచెను. ఆ క్రీడలలో కెన్యా పక్షమున పాల్గొన్న మొదటివాఁ డాతఁడే. నార్వే దేశీయుఁడైన బ్యోర్న్ డాలీ 27 నిమిషముల 24 సెకండ్లలో గమ్యము చేరి స్వర్ణపతకము గెలిచెను. బోయిట్ 47 నిమిషముల 25 సెకండ్లకుఁ జేరెను. పందెము ముగించినవారిలో 92వ వాఁడు, అందఱకంటె కడపటివాఁడు.

డాలీ యేమి చేసెను? మూఁడు శీతకాల ఒలింపిక్ క్రీడలలో మొత్తము ఎనిమిది స్వర్ణపతకములు గడించిన ఆ వీరుఁడు, పతకప్రదానమునకుఁ బోక, ఇరువది నిమిషములు గమ్యముకడ నిలిచి, కడపటివాఁడు రాఁగానే కౌఁగిలించుకొనెను.

ఈ వృత్తాంతము చదివినపుడు మా మనస్సు మమ్మే నిందించెను. పూర్వము మేము పనిచేసిన యొక పాఠశాలలో క్రీడోత్సవమునాఁడు 1,500 మీటర్ల పరుగు జరిగెను. తాడు పట్టుకొను పని మాది. మొదటి ముగ్గురు వచ్చిరి, తక్కినవారును వచ్చిరి. ఇఁక నెవ్వరును లేరనుకొని మేము తాడు చుట్టివేసితిమి. మూఁడు నిమిషముల తరువాత ఒక బాలుఁడు రొప్పుచు వచ్చి, గీఁత యెచ్చటనో తెలియక మైదానమున నిలువఁబడెను. పిల్లలు నవ్విరి. మేమును వారింపలేదు. మఱుసటి యేఁడు ఆ బాలుఁడు పేరియ్యలేదు.

బోయిట్ మాత్రము మానలేదు. 2002లో సాల్ట్ లేక్ నగరమునను, 2006లో ట్యూరిన్ నగరమునను మరల ఒలింపిక్ పందెములలో నిలిచెను. తన కుమారునకు డాలీ యని పేరు పెట్టుకొనెను. 2010 క్రీడలకు అర్హత లభింపకపోయినను, 2011లో ఓస్లో నగరపు ప్రపంచపోటీలలో మరల స్కీలు ధరించెను.

మనవారికిని హిమము నిషిద్ధము కాదు. 2018లో కొరియా దేశపు ప్యోంగ్‌చాంగ్ క్రీడలలో భారతీయుఁడైన జగదీశ్ సింగ్ 15 కిలోమీటర్ల స్కీ పందెమును ముగించి 103వ స్థానము నొందెను. నిజామాబాదు జిల్లా పాకాల గ్రామపు బాలిక మాలావత్ పూర్ణ 2014 మే 25వ తేదీన, పదునాలుగేండ్లు నిండకమునుపే, ఎవరెస్టు శిఖరము నెక్కెను. వీరెవ్వరును హిమములోఁ బుట్టి పెరిగిన ఆ నార్వేవారి యనుకూలములు గలవారు కారు.

విద్యార్థులారా! అందఱును మొదటివారు కాఁజాలరు. ఆలస్యముగా నారంభించినవాఁడు ఆలస్యముగాఁ జేరుట తప్పు కాదు. నడుమ మానుట తగదు. ముందుగాఁ జేరినవారు వెనుకవచ్చువానికై నిలువుఁడు. మావంటి యుపాధ్యాయులకును ఇందొక పాఠము కలదు. కడపటి బాలుఁడు గీఁత దాఁటువఱకు ఆ తాడు చుట్టరాదు.