కాలపు కట్టకు గండి

అనంతపురమునకు చేరువనే బుక్కరాయసముద్రము అను గ్రామము కలదు. అచటి చెరువు విజయనగర ప్రభువైన మొదటి బుక్కరాయల కాలమున, పదునాలుగవ శతాబ్దమున వెలసినది. వాన అరుదైన ఆ సీమలో చెరువే ఊరికి ప్రాణము. ఒకయేడు ఎడతెగని వానలు కురిసి చెరువు పొంగి, కట్టకు గండిపడెనట. బసిరెడ్డి కోడలైన ముసలమ్మ బలియైనగాని కట్ట నిలువదని గ్రామదేవత పలికెనట. ఆ ఇల్లాలు ఊరివారిని కాపాడుటకై తనంత తానుగా నీటిలోనికి నడచి ప్రాణములు విడిచెనని జనులు చెప్పుకొందురు. కట్టమంచి రామలింగారెడ్డి ‘ముసలమ్మ మరణము’ అను కావ్యమున ఈ కథనే చెప్పెను.

తెగిన చెరువుకట్టను మన్నును రాయియు వేసి పూడ్చవచ్చును. గడచిపోయిన కాలమున పడిన గండిని పూడ్చుట యెట్లు? ఈ కోరికనుండియే కథకుల ఊహలో కాలయంత్రము పుట్టినది. 1895లో ఆంగ్ల రచయిత హెచ్.జి. వెల్స్ తన నవలలో అట్టి యంత్రమును వర్ణించెను. తెలుగున 1991లో సింగీతం శ్రీనివాసరావు దర్శకత్వమున వెలువడిన ‘ఆదిత్య 369’ అను చలనచిత్రములో, కాలయంత్రము నాయకుని 1526వ సంవత్సరమున శ్రీకృష్ణదేవరాయల కొలువునకును, పిమ్మట 2504వ సంవత్సరమునకును గొనిపోవును. 2022లో వచ్చిన ‘ఒకే ఒక జీవితం’లో ఒక యువకుడు ప్రమాదమున మరణించిన తల్లిని దక్కించుకొనవలెనని 1998వ సంవత్సరమునకు మరలిపోవును. అతడు గతమును చూచుటకు పోలేదు. దానిని బాగుచేయుటకు పోయినాడు. కాని తల్లి మరణమును తప్పింపజాలడు.

ఇట్టి యంత్రము నిజముగా నున్నదా? లేదు. వేగముగా పోవు గడియారము నెమ్మదిగా నడచునని 1905లో ఐన్‌స్టీన్ ప్రకటించిన సిద్ధాంతము తెలుపును. 1971లో శాస్త్రజ్ఞులు పరమాణు గడియారములను విమానములలో నుంచి భూమిచుట్టు త్రిప్పి చూడగా, నేలమీది గడియారములకును వానికిని లేశమాత్రము భేదము కనబడెను. కావున కాలపు నడకలో హెచ్చుతగ్గులు కలవు. కాని వెనుకకు పోవు దారి ఇంతవరకు ఎవరికిని దొరకలేదు.

దొరికినచో అది మేలగునా? అమెరికా రచయిత రే బ్రాడ్‌బరీ 1952లో వ్రాసిన ఒక కథలో, వేటకై కోట్ల సంవత్సరముల వెనుకకు పోయిన ఒకడు బెదరి, నిర్ణీతమైన బాట తప్పి, ఒక సీతాకోకచిలుకను త్రొక్కును. తిరిగివచ్చి చూడగా తన దేశపు వ్రాతయు మారియుండును, దేశమునేలు నాయకుడును మారియుండును. చిన్న పురుగు చచ్చిన ఫలమే యుగములు గడచునప్పటికి అంతయయ్యెను.

ఈ సంగతి అనంతపురపు నేలమీద యోచించినచో మరింత స్పష్టమగును. 1876 మొదలు 1878 వరకు దక్షిణదేశమును మహాక్షామము పీడించెను. ధాత నామ సంవత్సరమున తలయెత్తుటచే దానిని ధాతకరువు అనిరి. మద్రాసు రాజధానిలో లక్షలకొలది జనులు మడిసిరి. అనంతపురము అప్పటికింకను బళ్ళారి జిల్లాలోనిదే; 1882లో గాని ప్రత్యేక జిల్లా కాలేదు. జనులు ఆకలితో అలమటించుచుండగనే ధాన్యము ఓడలకెక్కి పరదేశములకు పోవుచుండెను.

నేటి బాలుడొకడు కాలయంత్రమెక్కి 1876కు పోయి, ఆ ధాన్యపు బండ్లను రేవులకు పోనీయక పల్లెలకు మరలించెననుకొందము. అతని తలంపు పుణ్యమైనది, దానిని తప్పుపట్టువారెవరు? లక్షలమంది బ్రతుకుదురు. కాని కరువుచే ఊరు విడిచినవారు ఇప్పుడు విడువరు. వలసపోయినచోట జరిగిన పెండ్లిండ్లు ఇప్పుడు జరుగవు. ఆ పెండ్లిండ్లవలన కలిగిన సంతతియు కలుగదు. బాలుడు తిరిగివచ్చునప్పటికి బడి యుండవచ్చును, బడినిండ పిల్లలుండవచ్చును; తెలిసిన ముఖమొక్కటియు నుండదు. అతని తల్లియే పుట్టియుండకపోవచ్చును. అప్పుడు యంత్రమెక్కినవాడెవడు? ఈ ప్రశ్నకు బదులు చెప్పలేకయే పండితులును తలపట్టుకొందురు.

నాడు చచ్చినవారి ప్రాణములు తక్కువవని దీని భావము కాదు. మరమ్మతునకు వెల యున్నదనియు, ఆ వెల చెల్లించువారెవరో చూడవలెననియు భావము. ముసలమ్మ తన ప్రాణమును తానే యిచ్చినది. కాలయంత్రమో, తాము బలియగుచున్నామని యెరుగనివారిని, వారి సమ్మతి యడుగకయే గండిలో వేయును. అందుచేతనే అది అపాయకరమైనది.

అట్లని గతమునకు ప్రాయశ్చిత్తమే లేదా? కలదు, అది వెనుకకు కాక ముందునకు సాగును. ధాతకరువు పిమ్మట నియమింపబడిన క్షామసంఘము 1880లో తన నివేదిక నొసగెను. దానినిబట్టి కరువుకాలమున ప్రజలకు పనియు, పనికి పోలేనివారికి సాయమును ఎట్లొసగవలెనో నియమములేర్పడినవి. చచ్చినవారు తిరిగిరాలేదు, కాని వారి చావు వ్యర్థము కాకుండుటకు ఒక దారి యేర్పడెను. అంతకు చాల పూర్వమే రాయలసీమలో దశబంధ మాన్యములుండెడివి. చెరువు కట్టించి దానిని బాగుగా కాపాడువారికి భూమి నిచ్చుటయే ఆ యేర్పాటు. మాన్యము తినువాడు వేసవిలోనే కట్టపైని బొరియలు పూడ్చి, తూము చక్కచేసి, మరవ చూచుకొనవలెను.

కట్టను వేసవిలో చూచుకొన్న ఊరికి వానకాలమున ముసలమ్మతో పనిలేదు.