టీచర్ నియామకాలు: సుప్రీంకోర్టు కీలక తీర్పులు

ఉపాధ్యాయ పోస్టుల అర్హతలు, ఎంపిక విధానంపై వచ్చిన తీర్పుల నుంచి పాలిటీ విభాగంలో ప్రశ్నలకు అవకాశం ఉంది.

బీఈడీ - డీఈడీ వివాదం (2023)
- 2018 జూన్ 28న జాతీయ ఉపాధ్యాయ విద్యా మండలి (ఎన్‌సీటీఈ) ప్రాథమిక తరగతుల బోధనకు బీఈడీ అభ్యర్థులను అర్హులుగా ప్రకటించింది. నియామకమైన రెండేళ్లలో ఆరు నెలల బ్రిడ్జి కోర్సు చేయాలన్నది షరతు.
- రాజస్థాన్ హైకోర్టు ఈ నోటిఫికేషన్‌ను కొట్టివేసింది. దేవేశ్ శర్మ కేసులో 2023 ఆగస్టు 11న సుప్రీంకోర్టు హైకోర్టు తీర్పును సమర్థించింది.
- కారణం: చిన్నపిల్లలకు బోధించే ప్రత్యేక శిక్షణ బీఈడీలో ఉండదు. 21ఎ అధికరణ హామీ ఇచ్చేది నాణ్యమైన విద్యకు.
- ఫలితం: ప్రాథమిక తరగతులకు బోధించే సెకండరీ గ్రేడ్ టీచర్ (ఎస్జీటీ) పోస్టులకు బీఈడీ అర్హత చెల్లదు.

జీవో నం.3 కేసు (2020)
- ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ 2000లో జీవో నం.3 ద్వారా షెడ్యూల్డ్ ప్రాంతాల టీచర్ పోస్టులన్నీ స్థానిక గిరిజనులకే కేటాయించింది.
- చేబ్రోలు లీలాప్రసాదరావు కేసులో ఐదుగురు జడ్జీల ధర్మాసనం 2020 ఏప్రిల్ 22న జీవోను కొట్టివేసింది. 100 శాతం రిజర్వేషన్ రాజ్యాంగ విరుద్ధమని తేల్చింది. అప్పటికే జరిగిన నియామకాలను షరతులతో కాపాడింది.

పశ్చిమ బెంగాల్ కేసు (2025)
- 2016 ఎంపిక ప్రక్రియలో ఓఎంఆర్ పత్రాల తారుమారు వంటి అక్రమాలు బయటపడ్డాయి. 2025 ఏప్రిల్ 3న 25 వేలకు పైగా టీచర్, సిబ్బంది నియామకాలు రద్దయ్యాయి.

మాదిరి ప్రశ్న: జీవో నం.3 ఏ షెడ్యూల్‌కు సంబంధించినది?
జవాబు: ఐదో షెడ్యూల్