ఉన్నది ఉన్నట్టు తీయడమే ఉద్యోగం

పెళ్లి ఫొటోల్లో చెయ్యి తిరిగినవారికి, కళాఖండాలను రికార్డు కోసం ఫొటో తీసే ఈ పని మొదట్లో మింగుడుపడదు. అక్కడ ఫొటో అసలు కన్నా అందంగా రావాలి. ఇక్కడ అలా వస్తే తప్పు. చిత్రకారుడు వాడిన ఎరుపు ఏ ఎరుపో, కాన్వాస్ మూలన రంగు ఎక్కడ పెచ్చులూడిందో అన్నీ ఉన్నట్టే పడాలి. రేపు ఆ చిత్రం తడిసినా, వెలిసినా బాగుచేసేవారికి ఆధారం ఈ ఫొటోయే.

ట్యూబ్‌లైట్లు ఆపేసి, కిటికీలు మూసి, చిత్రానికి రెండు పక్కలా 45 డిగ్రీల కోణంలో ఒకే రకం లైట్లు పెడతారు. కెమెరా సరిగ్గా ఎదురుగా ఉందో లేదో తేల్చడానికి చిన్న అద్దం చాలు. చిత్రం నడుమకు ఎదురుగా, దానికి సమాంతరంగా పట్టుకుంటే వ్యూఫైండర్‌లో లెన్స్ ప్రతిబింబం నట్టనడుమ కనబడాలి. తర్వాత 24 రంగుల గళ్లున్న కలర్ చార్ట్‌ను పక్కన పెట్టి ఒక ఫ్రేమ్ తీస్తారు. వార్నిష్ పూసిన ఆయిల్ పెయింటింగ్ మెరిసిపోతుంటే, లైట్లకూ లెన్స్‌కూ పోలరైజర్ ఫిల్టర్లు తగిలిస్తే ఆ మెరుపు పోతుంది. అదే కిటుకు బంగారు రేకు అతికించిన చిత్రం మీద వాడారో, బంగారం నల్లగా పడుతుంది! దానికి ఫిల్టర్ తీసి మరో ఫొటో తీయాల్సిందే. ఒక్క పక్క నుంచి లైటు ఏటవాలుగా వేస్తే కుంచె గీతలు, బీటలు బయటపడతాయి. వెనకవైపూ తీయాలి, సంతకం, తేదీ, గ్యాలరీ చీటీలు చాలాసార్లు అక్కడే ఉంటాయి.

ఇన్‌స్టలేషన్లయితే విప్పేశాక మిగిలేది ఫొటోలే. ఏ ముక్క ఎక్కడ బిగించారో వరసగా తీసి, కళాకారుణ్ని అడిగి రాసుకోవాలి.

నన్నడిగితే, సగానికి మించిన పని కంప్యూటర్ ముందే. రా ఫైలు నుంచి టిఫ్ మాస్టర్, వెబ్‌సైట్‌కు జేపెగ్. మూడు కాపీలు, అందులో ఒకటి వేరే చోట. కళాకారుడి పేరు, ఏడాది, మాధ్యమం, కొలతలు రాయని ఫొటో పదేళ్ల తర్వాత వెతికినా దొరకదు. లెన్సుల గురించి గంటలు మాట్లాడేవారి కన్నా ఓపిగ్గా ఇవి టైప్ చేసేవారే ఇక్కడ నిలుస్తారు.

చదువుకు హైదరాబాద్ జేఎన్‌ఏఎఫ్‌ఏయూలో ఫొటోగ్రఫీ బీఎఫ్‌ఏ ఉంది. బరోడా ఎంఎస్ యూనివర్సిటీలో మ్యూజియాలజీ, నోయిడా ఇండియన్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ హెరిటేజ్‌లో కన్జర్వేషన్ పీజీ చేయొచ్చు. సాలార్‌జంగ్ సహా కేంద్ర మ్యూజియంలు తమ వస్తువుల వివరాలు డిజిటల్‌గా భద్రపరచడానికి సీడాక్ తయారుచేసిన ‘జతన్’ సాఫ్ట్‌వేర్ వాడుతున్నాయి, దాని గురించి తెలుసుకుని ఉంటే మంచిది. పర్మినెంట్ పోస్టులు తక్కువే. గ్యాలరీలు, వేలం సంస్థలు, కళాకారుల కుటుంబాలు ఎక్కువగా కాంట్రాక్టు మీదే పని ఇస్తాయి.

అనుభవం కోసం మీ ఊరి చిత్రకారుడి దగ్గరకు వెళ్లి, ఆయన బొమ్మలన్నీ తీసిపెడతానని అడగండి. అయితే వాటిని ఇన్‌స్టాలో పెట్టేముందు రాతపూర్వకంగా అనుమతి తీసుకోండి. బొమ్మ కొన్నవారు సరేనంటే చాలదు. కాపీరైట్ రాసివ్వనంత వరకు సాధారణంగా అది చిత్రకారుడిదే, ఆయన తదనంతరం 60 ఏళ్లు వారసులది.